జంగఢ్ ఇల్లు: పాటను రంగుల్లోకి తెచ్చిన పర్ధాన్ బిడ్డ

గోండు చిత్రకళ అనే మాట ఈ రోజు దేశమంతా తెలుసు. విమానాశ్రయాల గోడల మీద, పుస్తకాల అట్టల మీద, చీరల అంచుల మీద ఆ బొమ్మలు కనిపిస్తున్నాయి. కొమ్ములు చెట్ల కొమ్మలైన జింక, ఒళ్లంతా చుక్కలతో నిండిన పులి, ఆకుల్లో కలిసిపోయిన పక్షి. ఇది వేల ఏళ్ల నుంచి ఇలాగే కాగితం మీద గీస్తున్న కళ అని చాలామంది అనుకుంటారు. మన పిల్లల్లో కూడా చాలామంది అలాగే అనుకుంటున్నారు. నిజానికి కాగితం మీద, కాన్వాసు మీద ఈ కళ మొదలై ఇంకా యాభై ఏళ్లు కాలేదు. దానికి ఒక మొదటి మనిషి ఉన్నాడు. ఆయనకు ఒక ఊరు, ఒక ఇల్లు, ఒక కుటుంబం ఉన్నాయి. ఆయన పేరు జంగఢ్ సింగ్ శ్యామ్.

ఆయన పర్ధాన్. మన ఆదిలాబాద్ అడవుల్లో కిక్రి వాయిస్తూ గోండుల వంశ చరిత్ర పాడే పర్ధాన్లకు ఆయన బంధువు లాంటివాడు. రాష్ట్రం వేరు, ఇంట్లో మాట్లాడే భాష వేరు, కానీ చేసే పని ఒకటే. అందుకే ఈ సంచికలో ఆయన జీవితాన్ని మన యువత ముందు పెడుతున్నాం. ఆయన ఎలా బతికాడో, ఇంట్లో ఎలా పని చేశాడో, ఎవరిని వెంట తెచ్చుకున్నాడో, చివరికి ఎక్కడ ఒంటరి అయ్యాడో తెలుసుకుంటే మన కళ గురించి మనం ఆలోచించే తీరే మారుతుంది.

పాడటమే కులవృత్తి

జంగఢ్ పుట్టింది మధ్యప్రదేశ్‌లోని పాటన్‌గఢ్‌లో. నర్మద పుట్టిన అమర్‌కంటక్‌కు దగ్గరగా, మైకల్ కొండల మధ్య ఉన్న ఊరు అది. అప్పట్లో మండ్లా జిల్లాలో ఉండేది, ఇప్పుడు దిండోరి జిల్లాలో ఉంది. ఆదివాసుల మీద పరిశోధన చేసిన వెరియర్ ఎల్విన్, ఆయన మిత్రుడు శామ్‌రావ్ హివాలే ఒకప్పుడు ఈ ఊళ్లోనే ఉన్నారు. హివాలే 1946లో నర్మద ఎగువ లోయలోని పర్ధాన్ల మీద ఒక పుస్తకమే రాశాడు. అంటే ఆ ఊరి పాటల గురించి బయటి లోకానికి ముందే కొంత తెలుసు. ఆ ఊరి బొమ్మల సంగతి మాత్రం ఇంకా ఎవరికీ తెలియదు.

పర్ధాన్లు గోండుల గాయకులు. వాళ్ల వాద్యం బానా. మూడు తీగలు, ఒక కమాను. పర్ధాన్ తన గోండు యజమానుల ఇళ్లకు వెళ్లి, బానా వాయించి, బడాదేవ్‌ను మేల్కొలిపి, ఆ ఇంటి వంశ కథ పాడతాడు. యజమాని ధాన్యమో, బట్టలో, పశువో ఇచ్చి గౌరవిస్తాడు. ఈ సంబంధం ఎలా మొదలైందో మండ్లా వైపు ఒక కథ చెబుతారు. పొలంలో పని చేస్తున్న అన్నదమ్ములకు తెల్ల గుర్రం మీద మెరిసిపోతున్న ఒక యువకుడు కనిపించాడట. వాళ్లు గుర్తుపట్టేలోపే ఆయన నల్లమద్ది చెట్టులోకి వెళ్లి మాయమయ్యాడు. వచ్చింది బడాదేవ్ అని తెలిసి అన్నలు దిగులు పడితే, చిన్న తమ్ముడు బానా తయారుచేసి ఆ చెట్టు కింద వాయించాడు. దేవుడు సంతోషించాడు. అప్పటినుంచి చిన్నవాడి సంతానానికి పాడటం పని అయింది, అన్నల సంతానానికి వాళ్లను పోషించడం బాధ్యత అయింది.

మన దగ్గర కూడా ఇదే సంబంధం ఉంది. ఆదిలాబాద్ పర్ధాన్ ఇంట్లో మరాఠీ మాట్లాడతాడు, కానీ పెర్సాపేన్ ముందు కూర్చుంటే గోండిలో పాడతాడు. కిక్రి, పెప్రె, డోలు లేకుండా గోండుల పూజ నిండుగా అనిపించదు. గోండుల పురాణం గోండుల కంటే పర్ధాన్ గొంతులోనే ఎక్కువ భద్రంగా ఉంది. ఒక జాతి జ్ఞాపకాన్ని ఇంకో జాతి మోయడం లోకంలో అరుదు. ఆ బరువు మోసిన వంశంలో జంగఢ్ పుట్టాడు.

ఆయన పుట్టే నాటికే ఆ ఏర్పాటు బలహీనపడింది. యజమానులైన గోండులే పేదలయ్యారు. భూములు పోయాయి, అడవి మీద హక్కు పోయింది. ఇచ్చేవాడి చేతిలో లేనప్పుడు పాడేవాడి కడుపు నిండదు. పర్ధాన్లు కూలి పనికి, పశువుల కాపుకు మళ్లారు. బానాలు చూరుకు వేలాడసాగాయి.

గేదెల వెంట నడిచిన పిల్లవాడు

జంగఢ్ 1960ల మొదట్లో పుట్టాడు. జనగణన వాళ్లు ఊరికి వచ్చిన రోజుల్లో పుట్టాడు కాబట్టి ఆ మాట మీదుగానే జంగఢ్ అని పేరు పెట్టారని చెప్పుకుంటారు. ఇల్లు పేదది. బడి మధ్యలోనే ఆగిపోయింది. గేదెలు కాశాడు, దగ్గరి పట్నంలో పాలు అమ్మాడు, దొరికిన కూలి పని చేశాడు. ఈడు రాగానే సోన్‌పుర్ గ్రామానికి చెందిన నన్కుసియాతో పెళ్లి అయింది. ఈ నన్కుసియా పేరు గుర్తుపెట్టుకోవాలి. తర్వాతి రోజుల్లో ఆమె కూడా పేరున్న చిత్రకారిణి అయింది.

ఆ ప్రాంతంలో ఇంటి గోడలు అలికి, నేల మీద, గోడల మీద ముగ్గులాంటి గీతలు తీర్చడం ఆడవాళ్ల పని. దాన్ని డిగ్నా అంటారు. పండుగకో పెళ్లికో తెల్లమట్టి, పసుపు మట్టి, జేగురు, నల్లమట్టి కలిపి ఇల్లంతా తీరుస్తారు. గోడకు తడిమట్టి అద్ది చెట్లు, జంతువులు ఉబ్బెత్తుగా చేసే అలవాటు కూడా ఉంది. జంగఢ్ చేతికి చిన్నప్పటి నుంచే ఈ మట్టి అలవాటైంది. ఊళ్లో ఎవరింటి గోడ మీదైనా బొమ్మ కావాలంటే ఈ కుర్రాడిని పిలిచేవాళ్లు. అది ఉద్యోగం కాదు, సంపాదన కాదు. చేయి ఊరుకోక చేసిన పని.

1981లో వచ్చినవాళ్లు

అదే సమయంలో భోపాల్‌లో పెద్ద చెరువు ఒడ్డున భారత్ భవన్ అనే కళాకేంద్రం సిద్ధమవుతోంది. చార్లెస్ కొరియా దానికి రూపం ఇచ్చాడు. అందులోని రూపాంకర్ అనే చిత్రకళా విభాగాన్ని చిత్రకారుడు జగదీశ్ స్వామినాథన్‌కు అప్పగించారు. స్వామినాథన్ ఆలోచన ఆ రోజులకు కొత్తది. నగరంలో చదువుకుని బొమ్మలు వేసేవాడు, అడవిలో గోడ మీద బొమ్మ వేసేవాడు ఒకే కాలంలో బతుకుతున్న కళాకారులని ఆయన నమ్మాడు. ఆదివాసీ బొమ్మను పాత వస్తువులా గాజుపెట్టెలో పెట్టకుండా, ఆధునిక చిత్రం పక్కనే అదే గౌరవంతో పెట్టాలని ఆయన పట్టుదల. దానికోసం కళ చదివే విద్యార్థులను బృందాలుగా ఊళ్లకు పంపాడు.

అలా 1981లో ఒక బృందం పాటన్‌గఢ్ చేరింది. ఒక ఇంటి గోడ మీద హనుమంతుడి బొమ్మ చూసి ఆగింది. వేసినవాడు ఎవరని అడిగితే జంగఢ్‌ను చూపించారు. వాళ్లు ఆయన చేతికి కాగితం, పోస్టర్ రంగులు ఇచ్చారు. అప్పటిదాకా మట్టి రంగులే తెలిసిన చేతికి ఆ మెరిసే ఎరుపు, పచ్చ, నీలం కొత్త. తొలిసారి ఆ రంగుల్లో కుంచె ముంచినప్పుడు ఒళ్లంతా వణుకు పుట్టిందని ఆయన తర్వాతి రోజుల్లో చెప్పుకున్నాడు. స్వామినాథన్ ఆ బొమ్మలు చూసి జంగఢ్‌ను భోపాల్‌కు రప్పించాడు. 1982 ఫిబ్రవరిలో భారత్ భవన్ ప్రారంభమైనప్పుడు అక్కడి ప్రదర్శనలో పాటన్‌గఢ్ కుర్రాడి చిత్రాలు కూడా ఉన్నాయి.

ఇక్కడ ఒక విషయం గమనించాలి. అంతకుముందు మ్యూజియాల్లో ఆదివాసీ వస్తువు కింద తెగ పేరు రాసేవాళ్లు, చేసిన మనిషి పేరు రాసేవాళ్లు కాదు. జంగఢ్ తన బొమ్మ మీద నాగరి లిపిలో తన పేరు తనే రాసుకున్నాడు. తెగ పేరు వెనక దాగిపోయిన చేతికి ఒక మనిషి పేరు వచ్చింది. ఇప్పుడు ఇది మనకు మామూలు సంగతిలా అనిపించవచ్చు. ఆనాడు అది పెద్ద మార్పు.

కొలువు, కుంచె

భారత్ భవన్‌లోనే ముద్రణ చిత్రాల విభాగంలో జంగఢ్‌కు ఉద్యోగం దొరికింది. నెల జీతం వచ్చే పని. గేదెల వెంట తిరిగిన మనిషికి అది పెద్ద ఆసరా. పగలు అక్కడి వర్క్‌షాపులో సిల్క్ స్క్రీన్ లాంటి పద్ధతులు నేర్చుకున్నాడు. ఇంటికి వచ్చాక తన బొమ్మలు వేసుకున్నాడు. నలుగురు పెద్ద చిత్రకారులు తిరిగే చోట ఉండటం వల్ల కాగితం రకాలు, సిరా, పెన్ను, యాక్రిలిక్, కాన్వాసు అన్నీ పరిచయమయ్యాయి. దేన్నీ చూసి బెదరలేదు. ఏది దొరికితే దానితో తన బొమ్మే వేశాడు.

ఆయన మొదట చేసిన పెద్ద పని దేవుళ్లకు రూపం ఇవ్వడం. గోండుల దేవుళ్లకు బొమ్మలు లేవు. బడాదేవ్ నల్లమద్ది చెట్టులో ఉంటాడు. ఊరిని కాచే ఠాకుర్‌దేవ్ చెట్టు కింద రాయి రూపంలో ఉంటాడు. ఒక గుంజ, ఒక రాయి, ఒక దీపం, అంతే. వాళ్ల రూపం ఎలా ఉంటుందో తెలిసేది పాటలో మాత్రమే. జంగఢ్ ఆ పాటలు విని పెరిగినవాడు. ఠాకుర్‌దేవ్, మరాహీ దేవి, బడాదేవ్ ఒక్కొక్కరే కాగితం మీదికి వచ్చారు. పెద్ద కళ్లు, చాచిన చేతులు, తల చుట్టూ కిరణాల్లా గీతలు. పాటలో చెవికి వినబడిన దేవుడు కంటికి కనబడ్డాడు.

తర్వాత జంతువులు, చెట్లు వచ్చాయి. జింక, పులి, మొసలి, పాము, సాలెపురుగు, నెమలి. ఇవి ఊహలోనివి కావు. గేదెలు కాసిన రోజుల్లో రోజూ చూసినవే. కానీ ఆయన బొమ్మలో జింక కొమ్ములు పెరిగి చెట్టు అవుతాయి. చెట్టు కొమ్మ మీద పక్షి ఎక్కడ మొదలై ఆకు ఎక్కడ ఆగిందో తెలియదు. అడవిలో ఏదీ విడిగా ఉండదని తెలిసినవాడి చూపు అది.

ఇక చుక్కలు. జంగఢ్ బొమ్మలో ఏ ఆకారమూ ఉత్త రంగుతో నిండి ఉండదు. లోపల చుక్కలు, చిన్న గీతలు, అర్ధచంద్రాలు వరసగా పారుతుంటాయి. దగ్గరగా చూస్తే అవి కదులుతున్నట్టు ఉంటుంది. ఈ చుక్కల మూలం గోండు ఆడవాళ్ల ఒంటి మీద పొడిపించుకునే పచ్చబొట్లలో, ఇంటి డిగ్నాలో ఉందని కళ తెలిసినవాళ్లు చెబుతారు. మరణం తర్వాత కూడా వెంట వచ్చే నగ పచ్చబొట్టు ఒక్కటే అని మన అవ్వలు కూడా అంటారు. అవ్వల చేతుల మీది చుక్కలను ఆయన జింక ఒంటి మీద పెట్టాడు. నలుపు తెలుపుల్లో వేసిన పెన్ను బొమ్మల్లో రంగు సాయం కూడా లేదు. సన్నని గీత పక్కన సన్నని గీత పెడుతూ ఈకల మెత్తదనం, బొచ్చు బరుకుదనం తెప్పించాడు.

1986లో మధ్యప్రదేశ్ ప్రభుత్వం శిఖర్ సమ్మాన్ ఇచ్చింది. పాటన్‌గఢ్ నుంచి వచ్చి ఐదేళ్లే అయింది. అప్పటికి ఆయన ఇంకా పాతికేళ్ల కుర్రాడే.

ఇల్లే బడి

జంగఢ్ గురించి రాసేవాళ్లు పారిస్ గురించి, అవార్డుల గురించి ఎక్కువ రాస్తారు. మన యువత తెలుసుకోవాల్సింది మాత్రం ఆయన భోపాల్ ఇంటి గురించి. అక్కడే అసలు పని జరిగింది.

నగరంలో కొలువు దొరికిన మనిషి తన భార్యాపిల్లలను తెచ్చుకుని స్థిరపడటం మామూలే. జంగఢ్ ఊరినే తెచ్చుకున్నాడు. పాటన్‌గఢ్ నుంచి, చుట్టుపక్కల ఊళ్ల నుంచి అన్నదమ్ముల పిల్లలు, బావమరుదులు, మేనల్లుళ్లు ఒక్కొక్కరే వచ్చారు. పని వెతుక్కుంటూ వచ్చినవాళ్లకు ముందు దొరికింది జంగఢ్ ఇల్లు. తిండి, పడుకోవడానికి చోటు, చేతిలో ఒక కుంచె.

ఆ ఇంట్లో పని జరిగే తీరు తేలికగా అర్థమవుతుంది. నేల మీద కాగితమో కాన్వాసో పరుస్తారు. బొమ్మ రూపురేఖ జంగఢ్ గీస్తాడు. నన్కుసియా, వచ్చిన పిల్లలు చుట్టూ కూర్చుని ఆయన చూపిన చోట లోపలి చుక్కలు, గీతలు నింపుతారు. చేయి కుదిరేదాకా నింపడమే పని. పొలంలో నాటు వేసేటప్పుడు పెద్దవాళ్ల పక్కన నిలబడి పిల్లలు నేర్చుకున్నట్టే. పాఠం లేదు, పరీక్ష లేదు. కొన్నాళ్లకు ఆ పిల్లవాడి చేతికి సొంత కాగితం వస్తుంది. అప్పుడు ఇంకో నియమం మొదలవుతుంది. జంగఢ్ చుక్కను అలాగే దించకూడదు. తన సొంత గుర్తు తను వెతుక్కోవాలి. అందుకే ఈ రోజు పర్ధాన్ చిత్రకారుల్లో ఒకరు చేప పొలుసులాంటి గీతతో, ఒకరు గింజలాంటి గుర్తుతో, ఒకరు గొలుసులాంటి వరసతో నింపుతారు. సంతకం చూడకుండానే, లోపలి గీతను బట్టి బొమ్మ ఎవరిదో చెప్పవచ్చు.

భజ్జు శ్యామ్ కథ చూడండి. పదహారేళ్లకు భోపాల్ వచ్చాడు. మొక్కలు నాటాడు, రాత్రి కాపలా కాశాడు. బాబాయి వరస అయిన జంగఢ్ పిలిచి తన దగ్గర కూర్చోబెట్టాడు. తర్వాత అదే భజ్జు లండన్ వెళ్లి, ఆ నగరాన్ని గోండు కళ్లతో చూసి ఒక బొమ్మల పుస్తకం చేశాడు. 2018లో పద్మశ్రీ అందుకున్నాడు. వెంకట్ రామన్ సింగ్ శ్యామ్ కూడా ఆ ఇంట్లోనే నేర్చుకున్నాడు. ఢిల్లీలో రిక్షా తొక్కిన రోజులు దాటి పేరున్న చిత్రకారుడయ్యాడు. దుర్గాబాయి వ్యామ్, ఆమె భర్త సుభాష్ వ్యామ్ కలిసి అంబేడ్కర్ జీవితాన్ని గోండు బొమ్మల్లో భీమాయన అనే పుస్తకంగా తీర్చారు. దుర్గాబాయికి 2022లో పద్మశ్రీ వచ్చింది. అదే ఏడాది జాబితాలో మన తెలంగాణ నుంచి కోయ డోలి గాయకుడు సకిని రామచంద్రయ్య పేరు కూడా ఉంది. పాడే వంశాలకు ఆలస్యంగానైనా గౌరవం దక్కిందని ఆ రోజు మనమంతా సంతోషించాం.

జంగఢ్, నన్కుసియాల పిల్లలు మయాంక్, జపాని ఈ వాతావరణంలోనే పెరిగారు. తండ్రి తొలి జపాన్ ప్రయాణానికి గుర్తుగా కూతురికి ఆ పేరు పెట్టారు. ఆ దేశం పేరు ఆ ఇంట్లో అప్పట్లో సంతోషానికి గుర్తు.

దూర దేశాలు

1989లో పారిస్‌లో మాజిసియాఁ ద లా తేర్ అనే పెద్ద ప్రదర్శన జరిగింది. ప్రపంచం నలుమూలల నుంచి వంద మందికి పైగా కళాకారులను పిలిచారు. యూరప్, అమెరికా కళాకారులను, మిగతా లోకపు కళాకారులను ఒకే వరసలో నిలబెట్టాలన్నది దాని ఉద్దేశం. అందులో జంగఢ్ ఉన్నాడు. ఎనిమిదేళ్ల కిందట ఊళ్లో గోడ అలికిన చేతులు పారిస్‌లో బొమ్మ వేశాయి.

భోపాల్‌లో భారత్ భవన్ గోడల మీద, కొత్తగా కట్టిన విధాన్ భవన్ గోడల మీద ఆయన చిత్రాలు వెలిశాయి. అడవి మీద చట్టాలు చేసే భవనానికి అడవి బొమ్మ చేరింది. 1998లో ఢిల్లీలోని క్రాఫ్ట్స్ మ్యూజియంలో జ్యోతీంద్ర జైన్ ఏర్పాటు చేసిన ప్రదర్శనలో దేశంలోని ఐదుగురు ఆదివాసీ, జానపద మహా కళాకారుల్లో ఒకరుగా నిలిచాడు. వార్లీ చిత్రకారుడు జీవ్యా సోమా మాషే, మిథిలా చిత్రకారిణి గంగాదేవి, మట్టి శిల్పాల సోనాబాయి, మణిపూర్ కుమ్మరి కళాకారిణి నీలమణీ దేవి మిగతా నలుగురు.

పేరు పెరిగింది. కానీ పేరుకు తగ్గ డబ్బు ఆదివాసీ కళాకారుడి చేతికి రాలేదు. నగర చిత్రకారుడి కాన్వాసుకు పలికే ధరలో చిన్న భాగం కూడా ఆదివాసీ బొమ్మకు పలికేది కాదు. ఇల్లు నిండా బంధువులు, పిల్లల చదువులు, ఊరి అవసరాలు. ఇన్ని చేతులకు అన్నం పెట్టేది ఒక్క చేయి. పైగా 1994లో స్వామినాథన్ చనిపోయాడు. పెద్ద కొమ్మ నీడ పోయింది.

2001

జపాన్‌లోని నీగాతా ప్రాంతంలో మిథిలా మ్యూజియం ఉంది. భారతీయ జానపద, ఆదివాసీ చిత్రకారులు అక్కడికి వెళ్లి కొన్ని నెలలు ఉండి బొమ్మలు వేసేవాళ్లు. జంగఢ్ అంతకుముందు కూడా వెళ్లి వచ్చాడు. 2001లో మళ్లీ వెళ్లాడు. ఆ ఏడాది జూలైలో అక్కడే తన ప్రాణం తానే తీసుకున్నాడు. వయసు నలభై దగ్గర. పిల్లలు ఇంకా బడి ఈడులోనే ఉన్నారు.

ఈ వార్త దేశంలోని కళాకారులను, రచయితలను కుదిపేసింది. చాలామంది బహిరంగంగా ప్రశ్నలు అడిగారు. దూర దేశం వెళ్లే ఆదివాసీ కళాకారుడి ఒప్పందంలో ఏం రాసి ఉంటుంది? అది అతనికి తెలిసిన భాషలో ఉంటుందా? రోజుకు ఎంత పని, దానికి ఎంత ప్రతిఫలం? ఎప్పుడు కావాలంటే అప్పుడు తిరిగి రావచ్చా? కష్టమొస్తే ఎవరిని పిలవాలి? ఈ ప్రశ్నలు ఒక మ్యూజియానికో ఒక దేశానికో పరిమితమైనవి కావు. ఆదివాసీ కళను పిలిచి సన్మానించే ప్రతి చోట ఇవి అడగవలసినవే.

మనం గమనించాల్సింది ఇంకొకటి ఉంది. పర్ధాన్ పాట ఎప్పుడూ ఒంటరి పాట కాదు. వాయించేవాడి ఎదుట యజమాని ఉంటాడు, పక్కన వంత పాడేవాడు ఉంటాడు, చుట్టూ ఊరు ఉంటుంది. జంగఢ్ భోపాల్ ఇల్లు కూడా అంతే, ఎప్పుడూ నలుగురితో నిండిన ఇల్లు. అలాంటి మనిషి భాష తెలియని చోట, తనవాళ్లు ఒక్కరూ లేకుండా నెలల తరబడి పని చేశాడు. బొమ్మలు గొప్పగా ఉన్నాయని మెచ్చుకునేవాళ్లు దగ్గర ఉన్నంత మాత్రాన మనిషికి తోడు ఉన్నట్టు కాదు.

ఆరని పొయ్యి

జంగఢ్ పోయాక ఆ ఇల్లు చెదిరిపోతుందని చాలామంది భయపడ్డారు. అలా జరగలేదు. నన్కుసియా కుంచె కింద పెట్టలేదు. మయాంక్ నలుపు తెలుపు గీతల్లో తన దారి తను వేసుకున్నాడు. జపాని కూడా తన సొంత శైలితో పేరు తెచ్చుకుంది. తండ్రి చివరి రోజులు గడిచిన దేశం పేరును ఆమె చిత్రాల కింద సంతకంగా మోస్తోంది. ఆ ఇంట్లో నేర్చుకున్నవాళ్లు తమ పిల్లలకు నేర్పారు. ఇప్పుడు పాటన్‌గఢ్‌లో ఇంటికి ఇద్దరు ముగ్గురు చిత్రకారులు ఉన్న కుటుంబాలు ఎన్నో. భజ్జు, దుర్గాబాయి, రామ్ సింగ్ ఉర్వేతి కలిసి చెట్ల రాత్రి జీవితం మీద చేసిన పుస్తకానికి 2008లో ఇటలీలోని బొలోన్యా పిల్లల పుస్తకాల సంతలో బహుమతి వచ్చింది.

రచయిత ఉదయన్ వాజ్‌పేయి ఈ చిత్రకళకు జంగఢ్ కలమ్ అని పేరు పెట్టాడు. సంగీతంలో ఘరానా ఉన్నట్టు, మొఘలుల కాలంలో చిత్రాల శైలికి కలమ్ అని పేరు ఉన్నట్టు, ఒక గేదెల కాపరి పేరు మీద ఒక శైలి నిలిచింది.

2010లో న్యూయార్క్ సోదబీస్ వేలంలో ఆయన 1988లో వేసిన సాలెపురుగు చిత్రం 31,250 డాలర్లకు అమ్ముడుపోయింది. అప్పటి లెక్కన పద్నాలుగు లక్షల రూపాయల పైమాట. ఆయన పోయి తొమ్మిదేళ్లు అయింది. బతికున్నప్పుడు ఆ ధరలో ఒక వంతు నిలకడగా వచ్చి ఉంటే ఆ ఇంటి కథ ఎలా ఉండేదో ఊహించుకోవచ్చు.

మనకు మిగిలిన పని

యువ మిత్రులారా, జంగఢ్ జీవితం నుంచి మనం తీసుకోవాల్సినవి నాలుగు మాటలు ఉన్నాయి.

మొదటిది. బొమ్మ వెనక పాట ఉంది. జంగఢ్ దేవుళ్లను గీయగలిగింది ఆ దేవుళ్ల కథలు విని పెరిగాడు కాబట్టి. ఇంటర్నెట్‌లో జింక బొమ్మ చూసి దించడం వారంలో వస్తుంది. జింక కొమ్ము ఎందుకు చెట్టు అవుతుందో తెలియాలంటే తాత దగ్గర కూర్చోవాలి. మన ఊళ్లలో కిక్రి వాయించే పెద్దలు ఇప్పుడు వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే ఉన్నారు. వాళ్ల పాట మీ ఫోన్‌లో రికార్డు చేయండి. వాళ్లు చెప్పిన వంశ కథ నోట్‌బుక్‌లో రాయండి. ఆ పని ఈ దసరా సెలవుల్లోనే మొదలుపెట్టవచ్చు.

రెండోది. తలుపు తెరిచి ఉంచాలి. జంగఢ్ తనొక్కడే గోండు చిత్రకారుడుగా మిగిలిపోవాలనుకుని ఉంటే ఆ కళ ఆయనతోనే 2001లో ఆగిపోయేది. ఇంటి నిండా మనుషులను కూర్చోబెట్టుకున్నాడు కాబట్టి నిలిచింది. మీలో ఎవరికి ఉద్యోగం వచ్చినా, ఎవరు పట్నంలో హాస్టల్ గది తీసుకున్నా, ఊరి నుంచి వచ్చే తమ్ముడికి అందులో కాస్త చోటు ఉండాలి.

మూడోది. పేరు, ధర, ఒప్పందం మనవి. బొమ్మ వేస్తే కింద మీ పేరు రాయండి. పాట పాడితే ఎవరు రికార్డు చేస్తున్నారో, దేనికి వాడతారో అడగండి. ఏ కాగితం మీదైనా సంతకం చేసే ముందు అర్థమయ్యే భాషలో చదివించుకోండి. తెలియకపోతే తెలిసినవాళ్లకు చూపించండి. అడగడం అమర్యాద కాదు. జంగఢ్ తరానికి ఆ ధైర్యం ఇచ్చేవాళ్లు లేరు. మనకు చదువుకున్న పిల్లలు ఉన్నారు.

నాలుగోది అన్నిటికంటే ముఖ్యం. దూరం వెళ్లినవాళ్లను ఒంటరిగా వదలకూడదు. చదువుకో, పనికో, ప్రదర్శనకో పెద్ద నగరాలకు వెళ్లిన మన పిల్లలు ఎందరో ఉన్నారు. కొందరికి భాష కష్టం, కొందరికి అవమానం, కొందరికి అప్పు. బయటికి చెప్పరు. వారానికోసారి ఫోన్ చేయండి. గొంతు మారితే పట్టించుకోండి. మీకే మనసు బరువైతే దాచుకోకండి. ఇంట్లోవాళ్లకో, స్నేహితుడికో, గురువుకో, డాక్టరుకో చెప్పండి. ప్రభుత్వం నడిపే టెలి మానస్ నంబరు 14416కు ఏ వేళలోనైనా ఉచితంగా ఫోన్ చేసి మాట్లాడవచ్చు. తిరిగి రావడం ఓటమి కాదు. ఇంటి తలుపు ఎప్పుడూ తెరిచే ఉంటుందని మన పిల్లలందరికీ తెలిసి ఉండాలి.

పాటన్‌గఢ్‌లో చూరుకు వేలాడిన బానా మళ్లీ పలికింది రంగుల్లో. ఆదిలాబాద్ కిక్రి ఏ రూపంలో పలకాలో తేల్చాల్సింది మీరు. పాటగానే కావచ్చు, బొమ్మగా, పుస్తకంగా, సినిమాగా కావచ్చు. పాడే వంశం మాత్రం నోరు మూసుకోకూడదు.

జంగఢ్ సింగ్ శ్యామ్‌కు మన జోహార్లు. జై సేవ.